వంపు కోత లేని వస్త్రం: కిమోనో

జపాన్ సంప్రదాయ వస్త్రమైన కిమోనోను విప్పి నేలమీద పరిస్తే ఇంగ్లిషు 'టి' అక్షరంలా కనిపిస్తుంది. చంక దగ్గర వంపు ఉండదు. నడుము దగ్గర నొక్కు ఉండదు. భుజానికి వాలు ఉండదు. అన్నీ నిలువు గీతలు, అడ్డగీతలే. బక్కపలచటి మనిషికీ భారీ మనిషికీ, పొట్టివారికీ పొడుగువారికీ ఇదే నమూనా. అయినా ఒంటి మీదికి వచ్చేసరికి ఎవరికి వారికి కొలిచి కుట్టినట్టు అమరుతుంది. మనిషి ఒళ్లంతా వంపులే అయినప్పుడు స్కేలు పెట్టి గీసినట్టు కోసిన బట్ట దానికి ఎలా సరిపోతుంది?

చొక్కా, కోటు కుట్టే పద్ధతిలో ముందు శరీరాన్ని కొలుస్తారు. ఆ కొలతల ప్రకారం బట్టను వంపులుగా కోస్తారు. మిగిలిన ముక్కలు చెత్తబుట్టకు పోతాయి. తరవాత బిగుతైతే వదులు చేయడానికి లోపల బట్ట పెద్దగా ఉండదు. కిమోనో ఆలోచన దీనికి పూర్తిగా భిన్నం. అందులో బట్ట శాశ్వతం, కుట్టిన రూపం తాత్కాలికం. కోత, కుట్టు, నేత, అద్దకం, బట్ట మీద బొమ్మ ఎక్కడ రావాలన్న లెక్క కూడా ఈ ఒక్క సూత్రం చుట్టూనే తిరుగుతాయి. చీర కట్టేవారికి ఈ ఆలోచన కొత్త కాదు. మగ్గం దిగిన నిండు బట్టను కత్తెర తగలనీయకుండా ఒంటికి మలచుకోవడమే చీర కట్టు. జపాన్ వాళ్లు ఆ నిండు బట్టను కోశారు, కుట్టారు. కానీ దాన్ని మళ్లీ నిండు బట్టగా మార్చుకునే దారి మూసుకుపోకుండా కుట్టారు.

తానులో ఎనిమిది ముక్కలు

కిమోనోకు కావలసిన బట్టను 'తాన్మోనో' అనే తానుగా నేస్తారు. వెడల్పు సుమారు 36 నుంచి 38 సెంటీమీటర్లు, పొడవు 12 మీటర్ల పైచిలుకు. ఒక తానులో పెద్దవాళ్ల కిమోనో ఒకటి సరిగ్గా వస్తుంది. పట్టు తాను ఒకటి నేయాలంటే రెండున్నర నుంచి మూడు వేల పట్టుగూళ్ల దారం కావాలి. ఇంత పొదుపుగా కోయడానికి మొదటి కారణం అదే.

తాను వెడల్పు అంత తక్కువగా ఉండడానికి కారణం మగ్గం. పాతకాలపు మగ్గంలో నేసేవారు నేలబారుగా కూర్చుని, నడుముకు కట్టుకున్న పట్టీతోనే పడుగు బిగువును అదుపు చేసేవారు. నాడెను ఒక చేత్తో పోనిచ్చి రెండో చేత్తో అందుకోవాలి. రెండు చేతులకూ ఇబ్బంది లేకుండా అందే దూరమే బట్ట వెడల్పయింది. తరవాత మగ్గాలు మారినా, అప్పటికే కోతా కుట్టూ ఆ వెడల్పుకు అలవాటు పడిపోయాయి.

ఈ తానును ఎనిమిది ముక్కలు చేస్తారు. ఒంటిని కప్పేవి రెండు పొడవాటి పట్టీలు. ఒక్కొక్కటి వెనక వైపు పాదాల దగ్గర మొదలై, వీపు మీదుగా భుజం ఎక్కి, ముందు వైపు మళ్లీ పాదాల దాకా దిగుతుంది. అందుకే కిమోనోకు భుజం మీద కుట్టు ఉండదు. రెండు పట్టీలూ వీపు మధ్యలో కలుస్తాయి. చేతులకు రెండు ముక్కలు పోతాయి. మిగిలిన బట్టను నిలువునా రెండుగా చీలుస్తారు. ఒక సగంలోంచి ముందు భాగం ఒకదాని మీద ఒకటి పడడానికి కావలసిన రెండు అదనపు పట్టీలు, రెండో సగంలోంచి మెడపట్టీ, దాని మీద వేసే చిన్న పట్టీ వస్తాయి. అంతటితో తాను అయిపోతుంది. పారేయడానికి ముక్క మిగలదు.

మెడ కోసం భుజం దగ్గర చిన్న గాటు మాత్రం పెడతారు. మెడపట్టీ ఛాతీ మీదుగా ఏటవాలుగా దిగుతుంది కాబట్టి అక్కడ బట్టను కూడా ఏటవాలుగా కోసి ఉంటారని చూసేవారు అనుకుంటారు. కోయరు. ఎక్కువైన బట్టను లోపలికి మడిచి మెడపట్టీలో దాచేస్తారు. పొట్టివారికి కుట్టేటప్పుడు పొడవులో మిగిలినదీ, సన్నటివారికి కుట్టేటప్పుడు వెడల్పులో మిగిలినదీ ఇలాగే కుట్టు లోపలికి పోతుంది. కోత పక్కా, మడత మాత్రం మనిషిని బట్టి. ఒకే నమూనా ఎందరికో సరిపోవడం వెనకున్న కిటుకు ఇదే.

ఈ తిన్నటి కోతకు ఇంకో లాభం ఉంది. నేసిన బట్ట పడుగు వెంబడి లాగితే సాగదు, మూలగా లాగితే సాగుతుంది. వంపుగా కోసిన చోటల్లా మూల అంచులు తప్పవు. ఏళ్లు గడిచేకొద్దీ అవి సాగి బట్ట రూపం చెడుతుంది. కిమోనోలో పడుగు దారాలు భుజం నుంచి పాదాల దాకా నిటారుగా వేలాడతాయి. పైగా పొడవాటి కుట్లు చాలావరకు తాను అంచుల వెంబడే పడతాయి. అంచు దగ్గర పేక దారం వెనక్కి తిరుగుతుంది కాబట్టి అక్కడ పోగులు ఊడవు.

తెగడానికి సిద్ధంగా ఉండే కుట్టు

కిమోనోలో అన్నిటికన్నా తెలివైన భాగం దాని మీది బొమ్మ కాదు, దాని కుట్టు. సూదిని పైకీ కిందికీ పోనిస్తూ వేసే సాదా చేతికుట్టు అది. దారాన్ని గట్టిగా బిగించరు. కూర్చునేటప్పుడో వంగేటప్పుడో బట్ట మీద ఒత్తిడి పడితే ముందు దారం తెగాలి, బట్ట చిరగకూడదు. తెగిన దారానికి మళ్లీ సూది పోనిస్తే సరిపోతుంది. చిరిగిన పట్టును పూర్వరూపానికి తేవడం కష్టం.

కుట్టు అయ్యాక బట్టను సరిగ్గా కుట్టు గీత మీద మడవరు. ఒకటి రెండు మిల్లీమీటర్లు అవతలికి జరిపి మడిచి ఇస్త్రీ చేస్తారు. దాంతో దారం పైకి కనిపించదు, బట్ట లాగుడు కూడా నేరుగా కుట్టు మీద పడదు. కుట్టు పక్కన మిగిలిన బట్టను కత్తిరించకుండా మడిచి ఉంచుతారు. తల్లి కిమోనోను ఒడ్డూ పొడవూ ఉన్న కూతురికి మార్చి కుట్టాలంటే ఆ మడతలోంచే బట్ట బయటికి తీస్తారు.

పిల్లల బట్టల్లో ఈ పద్ధతి ఇంకా స్పష్టంగా కనిపిస్తుంది. పిల్లల కిమోనోను పెద్దదిగానే కుట్టి, భుజాల మీదా నడుము దగ్గరా మడతలు వేసి టాకాలు కడతారు. బిడ్డ ఎదిగేకొద్దీ ఆ టాకాలు విప్పుతూ పోతారు. మరీ పసిబిడ్డల బట్ట వీపంతా ఒకే వెడల్పులో వస్తుంది, అందుకే వీపు మధ్య కుట్టు ఉండదు. పెద్దవాళ్ల వీపున ఉండే కుట్టు వెనక నుంచి వచ్చే దుష్టశక్తిని ఆపుతుందని పాత నమ్మకం. ఆ రక్షణ పసివాళ్లకు కూడా ఉండాలని వాళ్ల వీపు మీద రంగు దారాలతో ప్రత్యేకంగా కుట్లు వేసేవారు. నిర్మాణంలోంచి పుట్టిన వివరం ఒకటి ఆచారంగా మారిన తీరు ఇది.

> ఉతకాలంటే విప్పాలి
>
> కిమోనోను పూర్తిగా శుభ్రం చేసే పాత పద్ధతి పేరు 'అరాయిహరి'. ముందు కుట్లన్నీ విప్పేస్తారు. విడివడిన ఎనిమిది ముక్కలనూ అంచులు కలిపి టాకాలు వేస్తే మళ్లీ పాత తాను తయారవుతుంది. దాన్ని ఉతికి, పలుచటి గంజి పెట్టి, పొడవునా లాగి కడతారు. అడ్డంగా ముడుచుకుపోకుండా కొసన సూది ఉన్న సన్నటి వెదురు పుల్లలను ఈ అంచు నుంచి ఆ అంచుకు విల్లులా వంచి గుచ్చుతారు. పుల్ల నిటారుగా కావాలని చూస్తుంది కాబట్టి బట్ట వెడల్పు అంతటా సమంగా బిగుసుకుంటుంది. మామూలు బట్టలనైతే చెక్కపలక మీద తడిగా అంటించి ఆరబెట్టేవారు. ఆరిన తరవాత మళ్లీ కుడతారు. అప్పుడు వెలిసిన ముక్కను కనిపించని చోటికీ, బాగున్న ముక్కను పైకీ మార్చుకోవచ్చు. ముక్కలన్నీ దీర్ఘచతురస్రాలే కావడం వల్లనే ఈ మార్పిడి సాధ్యం.

ఇలా రెండు మూడు తరాలు వాడాక పెద్దవాళ్ల కిమోనో పిల్లలకు మారేది. తరవాత పరుపు గలేబులుగా, మూటగుడ్డలుగా, చివరికి తుడిచే గుడ్డగా మారేది. చలికి పత్తి పండని ఉత్తర జపాన్ పల్లెల్లో పాత బట్టను సన్నటి పీలికలుగా చించి, ఆ పీలికలనే పేకగా వేసి మళ్లీ మందపాటి బట్ట నేసుకునేవారు.

కట్టుకోవడంలోనే కొలత

కోతలో తీసుకోని కొలతను కట్టుకునేటప్పుడు తీసుకుంటారు. స్త్రీల కిమోనో పొడవు సుమారుగా మనిషి నిలువెత్తు ఉంటుంది. కట్టుకునేటప్పుడు అంచును చీలమండ దగ్గరికి ఎత్తి, నడుము దగ్గర సన్నటి తాడుతో కట్టి, మిగిలిన బట్టను తాడు మీదుగా కిందికి మడుస్తారు. పొడవులో తేడాలన్నీ ఆ మడత మింగేస్తుంది. మగవారి కిమోనోలో ఈ మడత ఉండదు. అందుకే ఆడవారి కిమోనో చేతులు మారినంత సులువుగా మగవారిది మారదు.

వెడల్పులో తేడాను ముందు భాగం సర్దుతుంది. ఒక పక్క మీద రెండో పక్క ఎంత ఎక్కించాలన్నది నడుము చుట్టుకొలతను బట్టి మారుతుంది. ఎడమ పక్క ఎప్పుడూ పైకి రావాలి. క్రీ.శ. 719లో జపాన్ రాజాస్థానం ఈ మేరకు ఆజ్ఞ జారీ చేసింది, నేటికీ అదే నియమం. కుడి పక్క పైకి వచ్చేలా చుట్టేది చనిపోయినవారికే. కట్టు తెలియని పర్యాటకులు తిరగేసి చుట్టుకుంటే జపాన్ వాళ్లు కంగారు పడేది ఇందుకే.

కిమోనోకు బొత్తాలు లేవు, కొక్కేలు లేవు. దాన్ని నిలబెట్టేది రాపిడి. లోపల మెత్తటి తువ్వాళ్లు పెట్టి నడుము ఒంపును పూడుస్తారు, మొండెం దాదాపు స్తంభంలా సమమవుతుంది. దాని మీద సుమారు 30 సెంటీమీటర్ల వెడల్పు, నాలుగు మీటర్లకు పైగా పొడవు ఉండే 'ఓబి' అనే దట్టీ చుట్టి వెనక ముడి వేస్తారు. ఒత్తుగా నేసిన పట్టు మీద పట్టు జారకుండా పట్టుకుంటుంది. ఫుకువోకా ప్రాంతపు హకాతా ఓబీలను బిగించినప్పుడు కీచుమని చప్పుడు వస్తుంది. పోగుకూ పోగుకూ మధ్య రాపిడి ఎంత ఉందో ఆ చప్పుడే చెబుతుంది. అలంకారపు ఓబీలకు పేరున్న క్యోటోలోని నిషిజిన్ పేటలో, 1467 నుంచి 1477 దాకా సాగిన ఓనిన్ యుద్ధం ముగిశాక నేతగాళ్లు తిరిగి వచ్చి స్థిరపడ్డారు.

ఓబి మొదట్లో ఇంత వెడల్పు లేదు. 17, 18 శతాబ్దాల్లో అది పెరుగుతూ వచ్చింది, దానితో చేతుల కుట్టు కూడా మారింది. వెడల్పాటి ఓబి చంక దాకా వచ్చేసరికి, పొడవాటి చేతులు ఒంటికి అతికి ఉంటే కదలడం కష్టమైంది. అందుకని స్త్రీల కిమోనోలో చంక కింద చేతిని ఒంటికి కుట్టకుండా వదిలేశారు. వేసవిలో గాలి ఆడడానికీ ఆ సందు పనికొస్తుంది.

మెలి తిప్పిన దారం, ముడతపడిన పట్టు

మంచి కిమోనో పట్టును వేలితో తడిమితే సన్నటి ఇసుక రేణువుల్లాంటి గరుకు తగులుతుంది. దీన్ని చిరిమెన్ అంటారు. క్యోటోకు ఉత్తరాన సముద్రతీరంలోని తాంగో ప్రాంతంలో 1720లో దీని నేత మొదలైంది. ఆ గరుకు బట్ట మీద అచ్చుగుద్దింది కాదు. దారంలో దాచిపెట్టిన శక్తి బయటికి వచ్చినప్పుడు పుట్టింది.

పట్టుపురుగు వదిలే పోగులో రెండు పదార్థాలు ఉంటాయి. లోపల గట్టి ప్రొటీను, దాని చుట్టూ జిగురులాంటి ఇంకో ప్రొటీను. ముడి పట్టు బరువులో సుమారు పావు వంతు ఈ జిగురే. చిరిమెన్ నేసేవారు పేక దారాన్ని నీటితో తడుపుతూ మీటరుకు మూడు వేలు, అంతకు మించి కూడా మెలికలు తిప్పుతారు. అంత మెలి పడిన దారం వదిలేస్తే గిర్రున వెనక్కి తిరిగిపోవాలి. జిగురు ఆరి గట్టిపడడం వల్ల అది కదలకుండా ఉంటుంది. కుడివైపు మెలి తిప్పిన దారాన్నీ ఎడమవైపు మెలి తిప్పిన దారాన్నీ మార్చి మార్చి పేకగా వేసి నేస్తారు. మగ్గం దిగినప్పుడు బట్ట నున్నగా, బిరుసుగా ఉంటుంది.

తరవాత సబ్బు, క్షారం కలిపిన వేడినీటిలో మరిగిస్తారు. జిగురు కరిగిపోతుంది. మెలిని పట్టి ఉంచిన బంధం తెగగానే దారాలు విప్పుకోవాలని ఒక్కసారిగా మెలికలు తిరుగుతాయి. పడుగు వాటిని పోనివ్వదు. ఒకటి కుడికి, పక్కది ఎడమకు లాగడంతో బట్ట ఉపరితలం చిన్న చిన్న గుట్టలుగా ముడుచుకుంటుంది, వెడల్పు బాగా తగ్గిపోతుంది. అందుకే మగ్గం మీద కావలసిన దానికన్నా వెడల్పుగా నేసి, తరవాత ఆవిరి పట్టించి కొలతకు సాగదీస్తారు.

ఈ గరుకు వల్ల మూడు ప్రయోజనాలున్నాయి. వెలుతురు అన్ని దిక్కులకూ చెదిరి, రంగు లోతుగా కనిపిస్తుంది. మడతలు నిలబడవు. బట్ట ఒంటి మీద మెత్తగా జాలువారుతుంది. లోపం ఒకటే. వాన చినుకులు పడితే లోపలున్న మెలి మళ్లీ మేలుకుంటుంది, బట్ట కురచవుతుంది. జపాన్ వాళ్లు వానాకాలంలో చిరిమెన్ కిమోనో మీద వేరే పైకోటు వేసుకునేది ఈ భయంతోనే.

గంజి గీసిన గట్టు

1683లో పాలకులు స్త్రీల వస్త్రాల మీద బంగారు జరీ, భారీ కుట్టుపని, ఒళ్లంతా ముడులేసి అద్దిన చుక్కల పని నిషేధించారు. వర్తకుల ఇళ్లలో పెరిగిపోతున్న ఆడంబరాన్ని అణచడం వాళ్ల ఉద్దేశం. సూదికీ ముడికీ దారి మూసుకుపోవడంతో అద్దకం ముందుకొచ్చింది. అదే కాలంలో క్యోటోలో విసనకర్రల మీద బొమ్మలు వేసి పేరు తెచ్చుకున్న మియాజాకి యూజెన్ పేరు మీద ఒక అద్దకపు పద్ధతి స్థిరపడింది. కుంచెతో వేసిన చిత్రంలా బట్ట మీద బొమ్మ తేవడం దాని గొప్ప.

బట్ట మీద రంగు పూస్తే పోగుల వెంబడి పాకిపోతుంది. పక్కపక్కనే ఎర్రటి పువ్వూ పచ్చటి ఆకూ వేస్తే రెండూ కలిసి మరకవుతాయి. యూజెన్ పనివారు దీన్ని గంజితో ఆపారు. ముందు ఒక రకం నీలిపూల రసంతో బొమ్మ గీస్తారు. ఆ రంగు నీళ్లు తగిలితే పూర్తిగా పోతుంది. తరవాత జిగురు బియ్యప్పిండి, తవుడు, ఉప్పు కలిపి ఉడికించిన ముద్దను, కొసన లోహపు మొన ఉన్న కాగితపు గొట్టంలో నింపి, గీతల మీద దారమంత సన్నగా పిండుతూ పోతారు. ఆరిన ఆ గీత రంగుకు గట్టులా అడ్డుపడుతుంది. బట్టకు సోయా రసం కూడా పూస్తారు. అందులోని ప్రొటీను పోగుల సందులు పూడ్చి రంగును పాకనివ్వదు.

గట్ల మధ్య రంగులు నింపడం అయ్యాక బొమ్మ మొత్తాన్ని మళ్లీ గంజితో కప్పేసి, వెడల్పాటి కుంచెతో నేపథ్యపు రంగు వేస్తారు. పన్నెండు మీటర్ల తానును ఆగకుండా ఒకే ఊపున పూర్తి చేయాలి. మధ్యలో ఆగితే అక్కడ గీత పడిపోతుంది. ఆ తరవాత తానును ఆవిరిలో ఉంచుతారు. వేడికీ తేమకూ పట్టు పోగులు ఉబ్బుతాయి, రంగు లోపలికి వెళ్లి స్థిరపడుతుంది. చివరికి పారే నీటిలో కడిగితే గంజి కొట్టుకుపోయి, అది ఉన్న చోటల్లా సన్నటి తెల్ల గీత మిగులుతుంది. ఒకప్పుడు ఈ కడుగుడు క్యోటోలో కామో నదిలో, యూజెన్ పనికి మరో కేంద్రమైన కనజావాలో అసానో నదిలో జరిగేది. ఇప్పుడు ఎక్కువగా తొట్లలోనే చేస్తున్నారు. కనజావా పనిలో జరీ దాదాపు ఉండదు. ఆకు మీద పురుగు కొరికిన మచ్చను కూడా వదలకుండా గీయడం అక్కడి అలవాటు.

పండుగలకు కట్టే కిమోనోల్లో ఒకే పూలకొమ్మ కుట్లు దాటుకుంటూ నడుము నుంచి భుజం దాకా సాగుతుంది. అది తెగకుండా రావాలంటే ముందుగా తెల్లటి తానును కోసి, కిమోనో ఆకారంలో టాకాలు వేసి, దాని మీద బొమ్మ గీస్తారు. తరవాత టాకాలన్నీ విప్పి, ముక్కలను మళ్లీ తానుగా కలిపి, రంగులు అద్దుతారు. రంగు ఆరాక మళ్లీ విడదీసి అసలు కుట్టు కుడతారు. విప్పడానికి వీలుగా పుట్టిన వస్త్రం కాకపోతే ఈ చిత్రకళే ఉండేది కాదు.

> బురదలోంచి నలుపు
>
> జపాన్ దక్షిణ దీవుల్లో అమామి ఓషిమా ఒకటి. అక్కడి 'ఓషిమా త్సుముగి' పట్టుకు వచ్చే నలుపు బురదలోంచి వస్తుంది. ముందు 'షారిన్‌బాయ్' అనే చెట్టు చెక్కను గంటల తరబడి ఉడికించి ఆ కషాయంలో పట్టు దారాన్ని పదేపదే ముంచుతారు. కషాయంలోని వగరు పదార్థాలు, అంటే టానిన్లు, పోగుల్లోకి చేరతాయి. తరవాత ఇనుము ఎక్కువగా ఉన్న పొలాల బురదలో ఆ దారాన్ని పిసుకుతారు. ఇనుమూ టానినూ కలిసి నీటిలో కరగని నల్లటి పదార్థంగా మారతాయి. అది పోగు లోపలే పుడుతుంది కాబట్టి ఉతికినా పోదు. పదుల సార్లు ఇలా చేస్తే గాని నిండు నలుపు రాదు.
>
> శ్రీకాళహస్తి, పెడన కలంకారీలో నలుపు పుట్టేదీ ఇదే రసాయన చర్యతో. కరక్కాయ రసంలో ముంచిన బట్టలో టానిన్ ఉంటుంది. తుప్పుపట్టిన ఇనుము, బెల్లం కలిపి ఊరబెట్టిన నీటిలో ఇనుము ఉంటుంది. కలం బట్టను తాకగానే గీత నల్లబడుతుంది.

నేయకముందే వేసిన బొమ్మ

ఓషిమా పట్టులో బొమ్మ కూడా బట్ట మీద వేసింది కాదు. నేయడానికి ముందే దారం మీద ఏ చోట రంగు ఉండాలో, ఏ చోట ఉండకూడదో నిర్ణయించి, ఉండకూడని చోట కట్టు కట్టి అద్దుతారు. జపాన్‌లో దీన్ని కసురి అంటారు. భూదాన్ పోచంపల్లి, పుట్టపాకల్లో ఇక్కత్ పేరుతో నడుస్తున్న పని ఇదే కుదురుకు చెందింది. ఆసియా దక్షిణ ప్రాంతాల నుంచి ర్యూక్యూ దీవుల మీదుగా ఈ విద్య జపాన్ చేరిందని వస్త్ర చరిత్రకారులు భావిస్తారు. పోచంపల్లిలో కట్లు చేత్తో కడతారు. ఓషిమాలో కట్టు కట్టే పని మగ్గమే చేస్తుంది. పట్టు దారాలను నూలు దారాలతో అతి బిగువుగా ఒకసారి చాపలా నేసి, ఆ చాపనే కషాయంలో, బురదలో ముంచుతారు. నూలు బిగించిన చోట రంగు ఎక్కదు. తరవాత చాపను విప్పి, పట్టు దారాలతో అసలు బట్ట నేస్తారు. అంటే ఓషిమా పట్టు రెండుసార్లు మగ్గమెక్కుతుంది. రెండోసారి కొద్ది సెంటీమీటర్లు నేసిన ప్రతిసారీ ఆగి, సూదితో ఒక్కో పడుగు దారాన్నీ జరిపి, చుక్కకు చుక్క కలుపుతారు.

తెలుగు తీరానికీ కిమోనోకూ ఇంకో బంధం ఉంది. 17వ శతాబ్దంలో డచ్ కంపెనీ మచిలీపట్నంలో, నాగసాకిలో కోఠీలు పెట్టుకుని వ్యాపారం చేసింది. కోరమాండల్ తీరపు అద్దకపు నూలు బట్టలు ఆ ఓడల్లో జపాన్ చేరాయి. అక్కడ వాటిని 'సరాసా' అన్నారు. అవి ఎంత అపురూపమంటే, చిన్న ముక్కలను కూడా తేనీటి గిన్నెల సంచులకూ, పొగాకు తిత్తులకూ, లోపలి వస్త్రాలకూ వాడుకునేవారు. వాటిని చూసి జపాన్ పనివారు తమ సొంత సరాసా అద్దడం నేర్చారు.

చదవగలిగే బట్ట

ఆకారం అందరికీ ఒకటే అయినప్పుడు మనిషి వయసు, హోదా, సందర్భం ఎలా తెలియాలి? కోత చెప్పలేని సంగతులన్నీ చేతుల పొడవు, రంగు, బొమ్మ ఉన్న చోటు, వంశచిహ్నాలు చెబుతాయి. పెళ్లికాని అమ్మాయి కట్టే ఫురిసొదే చేతులు మీటరు దాకా, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువ వేలాడతాయి. జనవరి రెండో సోమవారం జరిగే యుక్తవయసు వేడుకలో యువతులు ఎక్కువగా కట్టేది ఇదే. పెళ్లయ్యాక చేతులు కురచవుతాయి. దగ్గరి బంధువుల పెళ్లిలో వివాహిత కట్టే నల్ల కిమోనోకు బొమ్మ పాదాల వైపు అంచు మీదే ఉంటుంది. వీపు మీద ఒకటి, చేతుల వెనక రెండు, ఛాతీ మీద రెండు, మొత్తం అయిదు వంశచిహ్నాలుంటే అది అత్యున్నత మర్యాద. మూడుంటే కొంచెం తక్కువ, ఒకటుంటే ఇంకా తక్కువ.

ఋతువు కూడా బట్టలో కనిపించాలి. అక్టోబరు నుంచి మే దాకా అస్తరు ఉన్న కిమోనో, జూన్, సెప్టెంబరుల్లో అస్తరు లేనిది, జులై, ఆగస్టుల్లో గాలి దూరే జల్లి నేత. బొమ్మ ఋతువు కన్నా కాస్త ముందుండాలి. పూలు విరిసే ముందే ఆ పూల కిమోనో కట్టడం అభిరుచి, విరిసి రాలిపోయాక కట్టడం మొరటుతనం. వేసవి ఎండలు ముదురుతుండడంతో ఇప్పుడు మే నెలలోనే అస్తరు లేనివి కట్టేవారు పెరిగారు.

1683 నాటి నిషేధం వచ్చిన 'ఎదో' అనే చారిత్రక యుగంలో వర్తకుల మీద ఆంక్షలు ఎక్కువైన కొద్దీ వాళ్ల అభిరుచి లోపలికి మళ్లింది. పైకి గోధుమ, బూడిద రంగులే. ఆ రెండింటిలోనే పదుల కొద్దీ ఛాయలు కనిపెట్టి, ఒక్కోదానికి ఒక్కో పేరు పెట్టుకున్నారు. డబ్బు మాత్రం అస్తరు మీద ఖర్చు పెట్టారు. నడిచేటప్పుడు అంచు కదిలితేనో, పైకోటు విప్పితేనో కనిపించే ఆ చిత్రం పైనున్న బట్ట కన్నా ఖరీదైనది. దాచిపెట్టిన అందమే గొప్పదన్న జపాన్ సౌందర్య దృష్టికి ఈ చట్టాలు చాలానే దోహదం చేశాయి.

ఇప్పటి స్థితి

1870ల నుంచి జపాన్ ప్రభుత్వం అధికారులకూ సైన్యానికీ పాశ్చాత్య దుస్తులు తెచ్చింది. స్త్రీలు రెండో ప్రపంచయుద్ధం దాకా ఎక్కువగా కిమోనోనే కట్టారు. యుద్ధం తరవాతి తరంలో అది పెళ్లిళ్లకూ పండుగలకూ పరిమితమైంది. కట్టుకోవడం తల్లి దగ్గర నేర్చుకోని అమ్మాయిల కోసం ఆ విద్య నేర్పే బడులు వెలిశాయి. పర్యాటక నగరాల్లో అద్దెకిచ్చే దుకాణాలు పెరిగాయి. పాలియెస్టరు బట్ట, మిషను కుట్టు ధరను తగ్గించాయి, ఇంట్లో ఉతుక్కునే వీలు కల్పించాయి. కానీ మిషను కుట్టు బిగువుగా పడుతుంది, విప్పడం కష్టం. ఒత్తిడి పడితే దారం తెగదు, బట్ట చిరుగుతుంది. చూడడానికి అదే ఆకారం, అదే మడత. విప్పి, తాను చేసి, మరొకరికి కుట్టే గుణం మాత్రం అందులో లేదు. కిమోనో ప్రాణం ఆకారంలో కాక ఈ గుణంలోనే ఉందనుకుంటే, అలాంటి వస్త్రం కిమోనోకు నకలు మాత్రమే.

పాత పద్ధతులు కొన్ని గట్టి అండతో నిలబడ్డాయి. నీగాతా ప్రాంతంలో రామీ నారతో నేసి, ఫిబ్రవరి, మార్చి నెలల్లో మంచు మీద పరిచి ఎండలో తెల్లబరిచే ఒజియా-చిజిమి, ఎచిగో-జోఫు నేతలను యునెస్కో 2009లో మానవాళి అమూర్త వారసత్వ జాబితాలో చేర్చింది. చేత్తో తీసిన మెలి లేని దారంతో నేసే యూకి-త్సుముగి 2010లో చేరింది. 1950లలో మొదలైన 'సజీవ జాతీయ సంపద' గుర్తింపు యూజెన్ అద్దకందారులకూ నేతగాళ్లకూ దక్కుతోంది. ఇబ్బంది అంతా గుర్తింపు అందని చిన్న పనుల్లో ఉంది. గంజి గొట్టాలు చేసేవారు, వెదురు పుల్లలు చెక్కేవారు, కుంచెలు కట్టేవారు ఒక్కొక్కరే తగ్గిపోతున్నారు. ఒక యూజెన్ కిమోనో పది పదిహేను రకాల పనివారి చేతులు దాటి వస్తుంది. వాళ్లలో ఒక్కరి పని ఆగినా మిగతావన్నీ ఆగుతాయి.

ముడిసరుకు పరిస్థితి ఇంకా కష్టంగా ఉంది. 1929లో జపాన్‌లో సుమారు 22 లక్షల రైతు కుటుంబాలు పట్టుపురుగులు పెంచేవి. ఇప్పుడు ఆ సంఖ్య 200 కన్నా తక్కువ. దేశంలో వాడే పట్టులో స్వదేశీ పట్టు వాటా ఒక శాతం కూడా లేదు. ముడిపట్టు ఎక్కువగా చైనా, బ్రెజిల్‌ల నుంచి దిగుమతి అవుతోంది.